నవ్వని ముఖం



మూకీ సినిమాల నాటి హాస్యనటుడెవరమ్మా అంటే మనలో ఎవరైనా ఠక్కున చార్లీ చాప్లిన్ పేరే చెబుతాం. ఆ చిన్న మీసం, ఆ చేతికర్ర, ఆ వంకర నడక చూసి పసిపిల్లలు కూడా పోల్చుకుంటారు. ఆ రోజుల్లోనే, ఆ అమెరికాలోనే, చాప్లిన్‌కు సరిజోడు అనదగిన ఇంకొక నటుడుండేవాడు. పేరు బస్టర్ కీటన్. ఈయనకు మీసమూ లేదు, చేతికర్రా లేదు. ఉన్నదల్లా నెత్తిన ఒక అణగ్గొట్టిన టోపీ, ఎన్నడూ నవ్వని ముఖం. ఇల్లు కూలి మీదపడుతున్నా, రైలు ఎదురుగా దూసుకొస్తున్నా ఆ ముఖంలో చిరునవ్వు పుట్టదు. చూసేవాళ్ళకు మాత్రం నవ్వి నవ్వి కడుపు నొప్పి పుట్టేది.

ఈయన కథ ఇవాళ చెప్పుకోవడం ఒక్క నవ్వు కోసమే కాదు. చేతినిండా విద్య ఉన్న మనిషి ఒక్క సంతకంతో ఆ విద్యమీద తన పెత్తనం పోగొట్టుకుంటే ఏమవుతుందో, పడ్డవాడు మళ్ళీ ఎలా నిలదొక్కుకుంటాడో ఈయన జీవితం చూస్తే తెలుస్తుంది.

బస్టర్ కీటన్ 1895 అక్టోబరు 4న కాన్సాస్ రాష్ట్రంలో పికువా అనే పల్లెలో పుట్టాడు. అది వాళ్ళ సొంత ఊరేమీ కాదు. తల్లి మైరా, తండ్రి జో కీటన్ ఊరూరా తిరిగే కళాకారులు. ఆట చూపించి జనాన్ని పోగేసి, వాళ్ళకు మందులమ్మే బృందాలు ఆ కాలంలో అక్కడ ఉండేవి. అలాంటి బృందంతో పోతూ ఉండగా దారిలో తగిలిన ఊళ్ళో ఆవిడకు కాన్పయింది. పిల్లవాడి అసలు పేరు జోసెఫ్ ఫ్రాంక్. పసితనంలో మెట్లమీదనుంచి దొర్లి కిందపడి, ఏమీ కానట్టు లేచి కూచున్నాడట. అది చూసిన తోటి కళాకారుడొకాయన బస్టర్ అన్నాడనీ, ఆ పేరే నిలిచిపోయిందనీ చెప్పుకుంటారు.

అయిదేళ్ళ వయసుకే అమ్మానాన్నలతో స్టేజి ఎక్కాడు. 'ముగ్గురు కీటన్లు' అని ఆ ఆటకు పేరు. ఆటేమిటంటే, పిల్లవాడు తండ్రి మాట వినడు, తండ్రి వాణ్ణెత్తి విసిరేస్తాడు. తెరలమీదికి, ఒక్కోసారి వాద్యగాళ్ళు కూచున్న గుంటలోకి కూడా! విసరడానికి వీలుగా పిల్లవాడి చొక్కా వెనక, పెట్టెకుండేలాంటి పిడి ఒకటి కుట్టి ఉంచేవారు. పిల్లల్ని హింసపెడుతున్నారని సంఘాలవాళ్ళు ఫిర్యాదులు చేశారు. అధికారులు పిల్లవాణ్ణి పిలిపించి ఒంటిమీద దెబ్బలున్నాయేమో చూసిన సందర్భాలు కూడా ఉన్నాయి. వింటుంటే తల్లిప్రాణం చివుక్కుమనక మానదు. అయితే పెద్దయ్యాక కీటన్ మాత్రం, నాన్న నన్ను కొట్టలేదు, పడటం ఎలాగో నేర్పాడు అనే అర్థంలోనే చెబుతూ వచ్చాడు.

ఆ స్టేజిమీదనే పిల్లవాడు ఒక రహస్యం కనిపెట్టాడు. పడి లేచి తను నవ్వితే జనం అంతగా నవ్వడం లేదు. తను ముఖం బిగించుకుని, ఏమయిందబ్బా అన్నట్టు నిలబడితే హాలు గొల్లుమంటోంది. మనకూ అనుభవమే కదా! హాస్యం చెప్పేవాళ్ళు తామే ముందు పకపకా నవ్వేస్తే మనకు నవ్వు రాదు. నవ్వడం అనే పని మనకు వదిలేసినవాడే మనల్ని నవ్విస్తాడు. అలా చిన్నప్పుడు అలవాటు చేసుకున్న ముఖాన్నే జీవితమంతా నిలుపుకున్నాడు కీటన్.

తండ్రికి రానురాను తాగుడెక్కువైంది. పిల్లవాణ్ణి గాలిలోకి విసిరే మనిషికి చెయ్యి తూలితే ఇంకేముంది? చివరికి 1917లో తల్లీ కొడుకూ ఆయనను వదిలి బయటపడ్డారు. ముగ్గురు కీటన్ల ఆట అక్కడితో ముగిసింది. అయినా కొడుకు తండ్రిని మరిచిపోలేదు. తర్వాత తను తీసిన సినిమాల్లో ఆయనకు చిన్న చిన్న వేషాలిచ్చాడు.

ఆ 1917లోనే న్యూయార్కులో రాస్కో ఆర్బకుల్ అనే భారీ హాస్యనటుడు కీటన్‌ను సినిమాలోకి పిలిచాడు. కీటన్ వేషం వేసి ఊరుకోలేదు. సినిమా కెమెరాను విప్పి, లోపలి మరలన్నీ చూసి, అది పనిచేసే తీరేమిటో తెలుసుకున్నాడు. బడిచదువు లేదనే చెప్పాలి గాని, యంత్రమంటే మాత్రం ప్రాణం. మధ్యలో మొదటి ప్రపంచయుద్ధం వచ్చింది. సైన్యంలో చేరి ఫ్రాన్సు వెళ్ళి, కొంత వినికిడి పోగొట్టుకుని తిరిగివచ్చాడు.

1920లో జోసెఫ్ షెంక్ అనే నిర్మాత కీటన్‌కు విడిగా స్టూడియో ఏర్పాటు చేశాడు. మరుసటి ఏడు కీటన్ నటాలీ టాల్మడ్జ్‌ను పెళ్ళాడాడు. నటాలీ అక్క నార్మా పెద్ద సినిమా తార, ఆమె భర్త ఈ షెంకే. అంటే మన లెక్కలో నిర్మాత గారు తోడల్లుడయ్యాడన్నమాట! కంపెనీకి పెట్టింది బస్టర్ కీటన్ పేరే. వాటాలు మాత్రం తోడల్లుడివీ, ఆయన స్నేహితులవీ. కీటన్‌కు జీతం వచ్చేది, లాభాల్లో కొంత భాగమూ వచ్చేది. ఆ కాగితాలేమిటో ఆయన పట్టించుకోలేదు. ఈ సంగతి గుర్తుంచుకోండి, మళ్ళీ అవసరమవుతుంది.

ఆ స్టూడియోలో మొదట విడుదలైన చిన్న సినిమా పేరు 'వన్ వీక్'. కొత్తగా పెళ్ళయిన జంటకు కానుకగా ఒక ఇల్లు వస్తుంది. ఇల్లంటే కట్టిన ఇల్లు కాదు, ముక్కలుగా పెట్టెల్లో వస్తుంది. అంకెల ప్రకారం బిగించుకోవాలి. పిల్లను చేసుకుందామనుకుని భంగపడ్డ ఇంకొకడు పెట్టెలమీద అంకెలు మార్చేస్తాడు. ఇంకేం, గోడలు వంకర, గుమ్మం ఎక్కడో మేడమీద! గృహప్రవేశం నాడు గాలివాన వచ్చి ఇల్లు బొంగరంలా తిరుగుతుంది. చివరికి స్థలం కూడా తమది కాదని తెలిసి, ఇంటిని లాక్కుపోతుంటే సరిగ్గా రైలు పట్టాలమీద చిక్కుకుంటుంది. ఎదురుగా రైలు! దంపతులు కళ్ళు మూసుకుంటారు. రైలు పక్క పట్టాలమీదనుంచి వెళ్ళిపోతుంది. అమ్మయ్య అనుకునేలోగా అటువైపునుంచి ఇంకో రైలు వచ్చి ఇంటిని పిండిపిండి చేస్తుంది. కీటన్ ఏడవడు, తిట్టడు. ఆ శిథిలాలమీద అమ్మకానికి అని ఒక చీటీ తగిలించి, భార్య చెయ్యి పట్టుకుని నడిచి వెళ్ళిపోతాడు. ఇల్లు కట్టుకునే బాధలు పడిన వాళ్ళకు ఈ ఇరవై నిమిషాల బొమ్మ ఎంత బాగా అర్థమవుతుందో చెప్పనక్కరలేదు.

1923 నుంచి పెద్ద సినిమాలు తీశాడు. ఎంత ప్రమాదమైన పనైనా చాలావరకు డూపు లేకుండా తానే చేసేవాడు. కెమెరాను కాస్త దూరంగా పెట్టించి, తలనుంచి పాదాలదాకా కనిపించేలా చూసుకునేవాడు. ఇందులో మోసం లేదని చూసేవాడికి తెలియాలి, అదీ ఆయన పట్టుదల. 1924లో 'షెర్లాక్ జూనియర్' తీస్తుంటే రైలింజనుకు నీళ్ళు పట్టే తొట్టికింద ఆ ధార వచ్చి మీదపడి, మెడ పట్టాలకు కొట్టుకుంది. కొన్నాళ్ళు తలనొప్పితో బాధపడి మళ్ళీ పనిలో పడ్డాడు. ఏళ్ళు గడిచాక డాక్టరు ఎక్స్‌రే తీస్తే అప్పుడు మెడ ఎముక విరిగి అతుక్కున్నదని బయటపడింది!

1926లో తీసిన 'ది జనరల్' ఆయనకు అన్నిటికంటె ఇష్టమైన సినిమా. అమెరికా అంతర్యుద్ధం నాటి కథ. హీరోకు ప్రేమలు రెండు, ఒకటి ప్రియురాలు, రెండోది తను నడిపే రైలింజను. శత్రువులు వెంటపడి తరుముతుంటే, అమ్మాయి ఇంజనులో చీపురు పట్టుకుని నేల ఊడుస్తూ ఉంటుంది! పొయ్యిలో కట్టెలు వెయ్యవమ్మా అంటే చిన్న పుల్ల ఏరి వేస్తుంది. అతనికి ఒళ్ళు మండి గొంతు పట్టుకుని ఊపి, మరుక్షణం ముద్దు పెట్టుకుంటాడు. అమ్మాయిని మరీ అమాయకురాలిని చేశారని మనకు అనిపించవచ్చు గాని, ప్రళయం వచ్చినా ఇల్లు ఊడవకుండా ఉండలేని వాళ్ళం మనలో ఎందరు లేరు? ఇదే సినిమాలో కాలుతున్న వంతెన కూలి నిజమైన రైలింజను నదిలో పడుతుంది. ఆ ఒక్క దృశ్యానికే 42,000 డాలర్లు అయిందంటారు. ఇంత చేసినా ఆనాడు సినిమా ఆడలేదు. పెట్టుబడి పెట్టినవాళ్ళు మొహాలు ముడుచుకున్నారు.

1928లో వచ్చిన 'స్టీమ్‌బోట్ బిల్ జూనియర్'లో తుపాను గాలికి ఒక ఇంటి ముందు గోడ మొత్తం ఆయనమీద పడుతుంది. ఆయన నిలుచున్నచోట సరిగ్గా మేడ కిటికీ ఖాళీ వచ్చింది గనుక బతికాడు. బరువు రెండు టన్నులంటారు. పాదాలు ఒక్క జానెడు ఇటూ అటూ అయితే మనిషి దక్కడు. తీస్తుంటే చూడలేక కొందరు ముఖాలు తిప్పుకున్నారట.

ఆ ఏడే తోడల్లుడు స్టూడియో మూసి, కీటన్‌ను ఎం.జి.ఎం. అనే పెద్ద కంపెనీకి వెళ్ళమన్నాడు. వద్దు, నీ చేతిలో పని పోతుంది అని చాప్లిన్, హెరాల్డ్ లాయిడ్ చెప్పిచూశారు. వాళ్ళిద్దరూ తమ సినిమాలకు తామే యజమానులు. కీటన్‌కు ఆ ఆధారం లేదు. సంతకం చేశాడు. జీవితంలో అంతకంటె పెద్ద పొరపాటు చెయ్యలేదని తర్వాత ఆయనే రాసుకున్నాడు.

అక్కడ మొదటి సినిమా 'ది కెమెరామన్' బాగానే వచ్చింది. తర్వాత రానురాను పగ్గాలు బిగిశాయి. కీటన్ పద్ధతి వేరు. కథకు మొదలూ చివరా తెలిస్తే చాలు, మధ్యది సెట్టుమీద తనవాళ్ళతో కలిసి అల్లుకునేవాడు. కంపెనీలో ప్రతిదీ ముందే కాగితంమీద ఉండాలి, పైవాళ్ళు ఒప్పుకోవాలి. ప్రమాదమైన పనులు చెయ్యనివ్వలేదు. టాకీలు వచ్చాక నోటినిండా మాటలు పెట్టి, ఆయన ఒంటికున్న విద్యను మూలపడేశారు. విచిత్రమేమంటే ఈ బొమ్మలకు డబ్బు వెనకటివాటికంటె బాగానే వచ్చింది! అందుచేత తమదే ఒప్పు అనుకున్నారు కంపెనీవాళ్ళు. లోపల కుమిలిపోయి, తండ్రిని పాడుచేసిన తాగుడునే ఆశ్రయించాడు కొడుకు. 1932లో నటాలీ విడాకులు తీసుకుంది. పిల్లలిద్దరినీ తన దగ్గరే ఉంచుకుని వాళ్ళ ఇంటిపేరు కూడా టాల్మడ్జ్ అని మార్పించింది. 1933లో కంపెనీ తీసేసింది. రెండో పెళ్ళి చేసుకున్నాడు, అదీ మూడేళ్ళకే తెగిపోయింది. 1935లో ఆసుపత్రిలో పెట్టవలసి వచ్చింది. ఏ కంపెనీలో వారానికి 3,000 డాలర్లు పుచ్చుకున్నాడో, అక్కడికే వారానికి 100 డాలర్లకు తిరిగివెళ్ళి ఇతరుల సినిమాలకు హాస్యఘట్టాలు చెప్పిపెట్టే పనిలో కుదిరాడు. సిగ్గుపడలేదు. పని పనే అనుకున్నాడు.

1940లో ఎలినార్ నోరిస్ అనే నర్తకిని పెళ్ళాడాడు. బ్రిడ్జి ఆట నేర్చుకుందామని ఆయన ఇంటికి వచ్చిన అమ్మాయి. ఆమెకు 21, ఆయనకు 44. ఇదెన్నాళ్ళులే అన్నారు లోకులు. ఆయన కన్నుమూసేదాకా, దాదాపు 26 ఏళ్ళు నిలిచింది ఆ కాపురం. ఇల్లు కుదుటపడింది. ఆయనతోపాటు పారిస్ సర్కస్ ప్రదర్శనలో ఆవిడ కూడా వేషం కట్టింది. పెద్దవాళ్ళయిన కొడుకులు తండ్రి దగ్గరకు మళ్ళీ రావడం మొదలుపెట్టారు.

1949లో జేమ్స్ ఏజీ అనే విమర్శకుడు లైఫ్ పత్రికలో మూకీ హాస్యనటుల గురించి పెద్ద వ్యాసం రాసేసరికి జనానికి కీటన్ గుర్తుకొచ్చాడు. 1952లో చాప్లిన్ తన 'లైమ్‌లైట్'లో ఒక ఘట్టంలో పక్కన నిలబెట్టుకున్నాడు. టెలివిజనులో పని దొరికింది. ఒకప్పుడు కీటన్ కట్టించుకున్న భవనం చేతులు మారి నటుడు జేమ్స్ మేసన్‌కు వచ్చింది. అక్కడ దాచి ఉన్న పాత రీళ్ళు బయటపడ్డాయి. 1960లో ప్రత్యేక ఆస్కార్ ఇచ్చారు. 1965లో వెనిస్ చిత్రోత్సవంలో జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. 1966 ఫిబ్రవరి 1న ఊపిరితిత్తుల క్యాన్సరుతో పోయాడు. తర్వాత 1998లో తను పోయేదాకా ఎలినార్ ఆయన సినిమాల ప్రదర్శనలకు వెళుతూ, అడిగినవాళ్ళకు చెబుతూ ఆ పేరు నిలబెట్టింది. ఆనాడు ఆడని 'ది జనరల్'ను 1989లో, అమెరికా ప్రభుత్వం శాశ్వతంగా భద్రపరచడానికి ఎంచిన మొదటి 25 సినిమాల్లో చేర్చారు.

కీటన్‌కు విద్య ఎన్నడూ పోలేదు, అధికారమే పోయింది. తన పేరున ఉన్న కంపెనీలో తనకు వాటా ఉన్నదా లేదా అని ఒక్కసారి కాగితం తిరగేసి ఉంటే కథ వేరుగా ఉండేదేమో. బంధువే కదా అని చూడకుండా సంతకం పెట్టే అలవాటు మన ఇళ్ళల్లోనూ ఉన్నది. అందులోనూ ఆడవాళ్ళకు మరీను.

ఇప్పుడీ సినిమాలు ఇంట్లో కూచుని ఫోనులోనే చూడవచ్చు. మాటలు లేవు గనుక భాష అడ్డం రాదు. 'వన్ వీక్'తో మొదలుపెట్టండి. పిల్లల్నీ, ఇంట్లో పెద్దవాళ్ళనీ పక్కన కూచోబెట్టుకోండి. రెండో రైలు వచ్చే చోట మాత్రం ముందే చెప్పెయ్యకండేం!