మీ ఊరి జనాభా ఎంత? ఒక్కో చోట ఒక్కో లెక్క ఎందుకు కనిపిస్తుంది?

సొంతూరి జనాభా కోసం ఎప్పుడైనా ఫోన్‌లో వెతికారా? ఒక చోట రెండు వేలని, మరో చోట పన్నెండు వందలని కనిపిస్తే కంగారు పడకండి. రెండూ సరైనవే కావొచ్చు. సర్కారు లెక్కల్లో ‘ఊరు’ అంటే ఒకటి కాదు. తెలంగాణలోని ములుగు జిల్లాను ఉదాహరణగా తీసుకుని చూద్దాం.

ఒకే ఊరు.. వేర్వేరు లెక్కలు

జనగణనలో గ్రామం అంటే రెవెన్యూ గ్రామం. సర్వే నంబర్లు, హద్దులు ఉండేది దీనికే. గ్రామ పంచాయతీ వేరు. అది సర్పంచ్, వార్డు సభ్యులు ఉండే పాలనా సంస్థ. ఒక రెవెన్యూ గ్రామంలో రెండు మూడు పంచాయతీలు ఉండొచ్చు.

2018 పంచాయతీరాజ్ చట్టంతో తెలంగాణలో 4 వేలకు పైగా కొత్త పంచాయతీలు వచ్చాయి. వాటిలో తండాలు, గూడేలు చాలా ఉన్నాయి. మీది అలాంటి తండా అయితే 2011 జనగణనలో దాని పేరు విడిగా కనిపించకపోవచ్చు. అక్కడి జనాన్ని పాత పెద్ద ఊరి లెక్కలోనే కలిపి ఉంటారు.

జిల్లా మారింది.. పుస్తకం మారలేదు

ములుగు జిల్లా 2019 ఫిబ్రవరి 17న ఏర్పడింది. అంటే 2011 జనగణన నాటికి ఈ పేరుతో జిల్లానే లేదు. ఏటూరునాగారం, గోవిందరావుపేట అప్పుడు వరంగల్ జిల్లాలో ఉన్నాయి. గోదావరి అవతల ఉన్న వాజేడు, వెంకటాపురం ఖమ్మం జిల్లాలో ఉండేవి. 2016లో భూపాలపల్లి జిల్లాకు, ఆ తర్వాత ములుగుకు మారాయి. మీది వాజేడు అయితే 2011 లెక్కల్లో మీ ఊరిని ఖమ్మం జిల్లా కింద వెతకాలి.

దీంతో మీకేంటి?

వార్డుల్లో ఎస్సీ, ఎస్టీ రిజర్వేషన్లకు జనాభా నిష్పత్తే ఆధారం. నిధులకూ అంతే. 2021-26 కాలానికి 15వ ఆర్థిక సంఘం స్థానిక సంస్థల నిధుల్లో రాష్ట్రాల వాటా తేల్చేందుకు జనాభాకు 90 శాతం, విస్తీర్ణానికి 10 శాతం ప్రాధాన్యం ఇచ్చింది. ఆ జనాభా 2011 నాటిదే. ఆ తర్వాత పెరిగిన ఊరికి ఆ పెరుగుదల లెక్కలోకి రాలేదు.

ఏ పనికి ఎవరి దగ్గరకు?

- జనన, మరణాల నమోదు, ఇంటి పన్ను, వీధి దీపాలు, మురుగు కాలువలు: పంచాయతీ కార్యదర్శి. జననమైనా మరణమైనా 21 రోజుల్లోపు నమోదు చేయిస్తే రుసుము ఉండదు.
- ఆదాయ, నివాస ధ్రువపత్రాలు: మీసేవలో దరఖాస్తు చేయాలి. మంజూరు చేసేది తహసీల్దార్ కార్యాలయం.
- వ్యవసాయ భూమి రిజిస్ట్రేషన్: ఇదీ తహసీల్దార్ దగ్గరే.
- ఎక్కడా పని కాకపోతే: సోమవారం కలెక్టరేట్‌లో జరిగే ప్రజావాణిలో అర్జీ ఇవ్వొచ్చు.

ఏజెన్సీ గ్రామాలకు మరో కార్యాలయం కూడా ఉంది. అదే ఏటూరునాగారం ఐటీడీఏ. గిరిజన సంక్షేమ పథకాలు ఎక్కువగా దీని ద్వారానే అమలవుతాయి. షెడ్యూల్డ్ ప్రాంతాల్లో సర్పంచ్ పదవులన్నీ ఎస్టీలకే రిజర్వు.

కొత్త లెక్క ఎప్పుడు?

కేంద్రం ప్రకటించిన షెడ్యూల్ ప్రకారం తదుపరి జనగణనకు ప్రాతిపదిక 2027 మార్చి 1. ఒక్క విషయం గుర్తుంచుకోండి. మీరు హైదరాబాద్‌లో ఉంటూ ఊళ్లో ఓటు, రేషన్ కార్డు ఉంచుకున్నా మీ లెక్క హైదరాబాద్‌లోనే పడుతుంది. సాధారణంగా ఎక్కడ నివసిస్తారో అక్కడే లెక్కిస్తారు. ఊళ్లో ఉన్న అమ్మానాన్నల పేర్లు మాత్రం అక్కడే నమోదు కావాలి. ‘మావాడు సిటీలో రాయించేశాడులే’ అని వాళ్లు ఊరుకుంటే ఊరి లెక్కలో రెండు తగ్గుతాయి. ఎన్యూమరేటర్ వచ్చి వెళ్లారో లేదో ఫోన్ చేసి కనుక్కోండి. మళ్లీ లెక్క వచ్చేదాకా ఊరికి అదే ఆధారం.