పహణీలో పేరు.. చేలో గంజాయి
విచారణకు ముందే కేసు నుంచి బయటపడే దారి ఉంది

చిక్కబళ్లాపురం: చేను ఒకరిది. సేద్యం మరొకరిది. కంది సాళ్ల నడుమ గంజాయి మొక్కలు దొరికాయి. పోలీసులు వచ్చి మహజరు రాశారు, మొక్కలు పీకి తూకం వేశారు. పహణీ తీస్తే అందులో ఉన్నది ఎప్పుడో బెంగళూరుకు పనికి పోయిన ఆసామి పేరు. కేసులో ఆయనా నిందితుడే! బాగేపల్లి, చింతామణి పల్లెల్లో భూమి ఉన్న ఎవరికైనా ఎదురుకాగల చిక్కు ఇది.

కారణం లేకపోలేదు. కర్ణాటక భూ సంస్కరణల చట్టానికి 1974లో చేసిన సవరణ కౌలును దాదాపుగా నిషేధించింది. అప్పట్నుంచీ గుత్తకిచ్చినా, వారానికిచ్చినా నోటిమాటే. కాగితం రాసుకోవడానికి జనం జంకుతారు. రికార్డులో మాత్రం ఆసామి పేరు అలాగే ఉండిపోతుంది.

చట్టం ఏమంటోంది?

1985 నాటి మాదకద్రవ్యాల చట్టం (ఎన్‌డీపీఎస్) 20(ఎ) సెక్షన్ కింద గంజాయి మొక్క పెంచితే పదేళ్ల దాకా కఠిన జైలు, లక్ష రూపాయల దాకా జరిమానా. నిందితుడు సాగు చేసిన నేలలో మొక్క ఉంటే, అది అతనిదేనని కోర్టు భావించవచ్చని 54వ సెక్షన్ చెబుతోంది. గమనించాల్సిన మాట 'సాగు చేసిన' అన్నదే. 'సొంతమైన' అని అక్కడ లేదు.

ఉత్తరప్రదేశ్ కేసు ఒకదానిలో సుప్రీంకోర్టు శిక్షను కొట్టేస్తూ, నిందితుడి ఆస్తిలో కొన్ని మొక్కలు కనిపించినంత మాత్రాన చాలదని, అతనే పెంచాడని రుజువు కావాలని చెప్పింది. అయితే అది విచారణంతా ముగిశాక దక్కిన ఊరట. అంతదాకా ఏళ్ల తరబడి వాయిదాలకు తిరగాల్సిందేనా?

డిశ్చార్జి అంటే..

అక్కర్లేదు. అభియోగాలు ఖరారు కాకముందే 'డిశ్చార్జి' కోరవచ్చు. పాత సీఆర్‌పీసీలో ఇది 227వ సెక్షన్. 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్‌లో 250. కేసు సెషన్స్ కోర్టుకు అప్పగించిన 60 రోజుల్లో అర్జీ వేయాలని కొత్త చట్టం గడువు పెట్టింది. ఎన్‌డీపీఎస్ ప్రత్యేక కోర్టు కేసును నేరుగానే చేపట్టగలదు కాబట్టి, చార్జిషీటు నకలు చేతికి రాగానే వకీలును కలవడం క్షేమం.

జడ్జి చూసేది ఒక్కటే. చార్జిషీటులో ఉన్నదంతా నిజమనుకున్నా బలమైన అనుమానం కలుగుతోందా, లేదా? జడ్జి పోస్టాఫీసులా పనిచేయరాదని సుప్రీంకోర్టు 1979లోనే చెప్పింది. పహణీలో పేరు తప్ప సాగుతో ముడిపెట్టే సాక్ష్యం ఏదీ లేకున్నా, తోటి నిందితుడు పోలీసుల ముందు చెప్పిన మాటే ఆధారమైనా గట్టిగా వాదించవచ్చు. సోదాలో, శాంపిళ్లలో లోపాలను మాత్రం కోర్టులు చాలావరకు విచారణకే వదిలేస్తాయి.

ఇక్కడే మెలిక

ఈ దశలో నిందితుడు తెచ్చే కాగితాలను మామూలుగా చూడరు. సుప్రీంకోర్టు 2004లో తేల్చిన సంగతి ఇది. కాబట్టి దర్యాప్తు నడుస్తుండగానే మేలుకోవాలి. చేను ఎవరు చేస్తున్నారు, గుత్త డబ్బు ఎలా అందింది, పక్క చేలవాళ్లు ఎవరు అన్నది దర్యాప్తు అధికారికి రాసివ్వండి. రిజిస్టర్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. చార్జిషీటులో చేరకపోయినా, రేపు విచారణలో పనికొస్తుంది.

చార్జిషీటు కన్నడంలో ఉంటుంది. మన ఇళ్లలో మాట తెలుగు, పెద్దవాళ్లలో చాలామందికి కన్నడం చదవను రాదు. మహజరును వకీలుతో వరుస వరుసా చదివించుకోండి. సర్వే నంబరు, చెక్కుబందీ మీ చేనివేనా? మొక్కలు దొరికింది గట్టు ఇవతలా, అవతలా?

తెలిసీ ఊరుకుంటే..

తన నేలలో గంజాయి ఉన్నట్టు తెలిస్తే వెంటనే పోలీసులకో, అధికారులకో చెప్పాలని 46వ సెక్షన్ అంటోంది. తెలిసీ దాచితే శిక్ష తప్పదు. గుత్తకిచ్చి ఏడాదంతా చేను మొహం చూడకపోవడం మంచిది కాదు.

డిశ్చార్జి దొరక్కపోతే బెంగళూరు హైకోర్టులో రివిజన్ వేసుకోవచ్చు. అభియోగం ఖరారైనంత మాత్రాన దోషి అయినట్టు కాదు. వకీలుకు ఇచ్చుకోలేనివారు తాలూకా కానూను సేవా సమితిని అడగవచ్చు. జైల్లో ఉన్నవారికి, మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. ఫోన్ 15100.