దులిపితే పోని దుమ్ము!

ఆరేసిన బట్టల మీద పడ్డ బూడిదను దులిపేయొచ్చు. కిటికీ రెక్క మీది దుమ్మును తుడిచేయొచ్చు. ఊపిరితిత్తుల అడుగుదాకా వెళ్లే ధూళి మాత్రం కంటికే కనిపించదు. దాన్ని పట్టుకుని, సైజు తేల్చే యంత్రాలున్నాయి. బొగ్గుకీ అడవికీ మధ్య బతుకుతున్న పాల్వంచ, కొత్తగూడెం, మణుగూరు వాసులకు ఆ యంత్రాలు ఏం చెబుతాయో తెలియడం ఎంత అవసరమో, ఏం చెప్పవో తెలియడమూ అంతే అవసరం.

2024 ఆగస్టు 5న పాల్వంచలో ఎనిమిది కూలింగ్ టవర్లను పేల్చి పడగొట్టారు. దశాబ్దాలపాటు ఊరికి గుర్తుగా నిలబడ్డ కట్టడాలు క్షణాల్లో నేలమట్టమయ్యాయి. పెద్ద దుమ్ము మేఘం లేచింది, కాసేపటికి అణిగిపోయింది. దూరంనుంచి చూసినవారిలో 'పొగ గొట్టాలు పోయాయి' అనుకున్నవాళ్లూ ఉండి ఉంటారు. నిజానికి అవి పొగ గొట్టాలు కావు. నీళ్లు చల్లబరిచే టవర్లు. వాటినుంచి లేచేది ఆవిరి. బూడిద వచ్చేది పక్కనున్న చిమ్నీలనుంచి.

కొత్తగూడెం థర్మల్ విద్యుత్ కేంద్రంలో మొదటి యూనిట్ 1966లో మొదలైంది. 720 మెగావాట్ల పాత యూనిట్లన్నీ 2020 నాటికి మూతపడ్డాయి. అయిదో దశలోని రెండు 250 మెగావాట్ల యూనిట్లు, ఆరో దశ 500, ఏడో దశ 800 మెగావాట్లు ఆ పాత యూనిట్ల తర్వాత కట్టినవే. గోదావరి వైపు వెళ్తే మణుగూరు దగ్గర 1,080 మెగావాట్ల భద్రాద్రి విద్యుత్ కేంద్రం 2020-22 మధ్య నడక మొదలెట్టింది. అన్నిటికీ ఇంధనం బొగ్గే. మనదేశపు బొగ్గు వంద టన్నులు కాలిస్తే ముప్ఫై నుంచి నలభై టన్నుల దాకా బూడిద మిగులుతుంది. అందులో ఎక్కువ భాగం పిండికన్నా మెత్తగా ఉండి, పొగతోపాటు ఎగిరిపోవాలని చూసే రకం.

ఎంత మెత్తన? ఇక్కడే అసలు కథ మొదలవుతుంది. మన వెంట్రుక మందం సుమారు 50-70 మైక్రాన్లు. మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యోవంతు. రెండు మీటర్ల ఎత్తునుంచి, గాలి కదలకుండా ఉన్న గదిలో నీటి సాంద్రత ఉన్న రేణువును వదిలామనుకోండి. వంద మైక్రాన్లది ఎనిమిది సెకన్లలో నేలకు దిగుతుంది. పది మైక్రాన్లదానికి పదకొండు నిమిషాలు పడుతుంది. ఒక మైక్రాన్‌దానికి... దాదాపు పదహారు గంటలు! ఆరుబయట గాలి క్షణం ఊరుకోదు కాబట్టి అది అసలు దిగుతుందన్న నమ్మకమే లేదు. టవర్లు కూలినప్పుడు లేచిన మేఘంలో అణిగిపోయింది పెద్ద రేణువులు. కంటికి కనిపించనివి అణిగాయో లేదో చెప్పడానికి కన్ను సరిపోదు.

తూర్పారపట్టే లెక్క

రేణువు సైజు కొలవడం అంటే స్కేలు పెట్టినంత తేలికని అనుకుంటాం. బొగ్గు పొడిలో ఒక పలుకు పెంకులా ఉంటుంది, ఇంకోటి పుల్లలా ఉంటుంది. దాని పొడవు కొలవాలా, వెడల్పు కొలవాలా? బూడిద సంగతి వేరు. కొలిమిలో కరిగి చల్లారింది కనుక అందులో చాలా రేణువులు గాజు గోళీల్లా గుండ్రంగా ఉంటాయి. కొన్ని లోపల డొల్ల. బూడిద చెరువులో నీటి మీద తేలేవి అవే.

ఈ చిక్కును మన రైతు ఎప్పుడో విడదీశాడు. కళ్లంలో ధాన్యం ఎగరబోస్తే గట్టి గింజ కాళ్ల దగ్గర పడుతుంది, తాలు కాస్త దూరంగా, పొట్టు ఇంకా దూరంగా. ఎవరి పొడవెంతో ఎవరూ కొలవరు. గాలిలో ఎలా ప్రవర్తించిందన్నదే లెక్క. శాస్త్రజ్ఞులు చేసేదీ అదే. ఆకారం ఎలాగైనా ఉండనీ, గాలిలో ఎంత వేగంగా కిందికి దిగుతుందో చూసి, అదే వేగంతో దిగే నీటి బొట్టు ఎంత లావుంటుందో అదే ఆ రేణువు సైజు అంటారు. బ్రిటన్‌కు చెందిన జార్జ్ స్టోక్స్ 1851లో ఇచ్చిన సూత్రం ఈ లెక్కకు పునాది. పీఎం 10, పీఎం 2.5 అని పేపర్లలో చదివే అంకెలు ఇలాంటి మైక్రాన్లే.

సిమెంటు కంపెనీలకు మాత్రం బూడిద ఎంత మెత్తగా ఉంటే అంత ముద్దు. సిమెంటులో కలిపే బూడిదను 45 మైక్రాన్ల జల్లెడ మీద నీళ్లతో కడిగితే పైన మిగిలేది 34 శాతం దాటకూడదని భారతీయ ప్రమాణం చెబుతుంది. బూడిద పొరలోంచి గాలి దూరడానికి పట్టే సమయాన్ని బట్టి మెత్తదనాన్ని లెక్కగట్టే పరికరం ఇంకోటి ఉంది. ఇప్పటి ప్రయోగశాలల్లో లేజర్ యంత్రాలొచ్చాయి. పెద్ద రేణువు తగిలిన కాంతి కొద్దిగా వంగుతుంది, చిన్నది తగిలితే దూరంగా చెదురుతుంది. ఆ చెదరడాన్ని బట్టి ఏ సైజువి ఎన్ని పాళ్లో కొద్ది నిమిషాల్లో గీత గీసి చూపిస్తాయి. చెదిరే కాంతి గణితాన్ని జర్మనీకి చెందిన గుస్తావ్ మీ 1908లోనే రాసిపెట్టాడు. మైక్రాన్‌కన్నా బాగా చిన్నవైతే మరో ఉపాయం. 1827లో రాబర్ట్ బ్రౌన్ సూక్ష్మదర్శిని కింద చూసిన గజిబిజి కదలికనే కొలిచి సైజు చెప్పే యంత్రాలున్నాయి. ఎంత చిన్నదైతే అంత చురుగ్గా గెంతుతుంది మరి!

మలుపులో దొరికిపోతాయి

ఊరి గాలిని కొలిచే పరికరం చూడటానికి ఏమంత గొప్పగా ఉండదు. మేడ మీద నిలబెట్టిన పెట్టె, దానికో గొడుగు, లోపల గుంయ్‌మని తిరిగే పంపు. పీఎం 10కి వాడే పాత తరహా పరికరం నిమిషానికి సుమారు ఘనపు మీటరుకు పైగా గాలిని లాగుతుంది. ఆ గాలి గరాటులాంటి సైక్లోన్‌లో గిరగిరా తిరుగుతుంది. రంగులరాట్నం మీద బయటికి విసిరేసినట్టు పెద్ద రేణువులు గోడకు కొట్టుకుని కింది డబ్బాలో పడతాయి. పది మైక్రాన్ల లోపువి ముందుకు వెళ్లి గాజుపీచు వడపోత కాగితం మీద చిక్కుతాయి.

పీఎం 2.5కి ఇంకాస్త నాజూకు వ్యవహారం. ఇరుకు గొట్టంలోంచి దూసుకొచ్చే గాలిని ఒక్కసారిగా మలుపు తిప్పుతారు. ఘాట్ రోడ్డు మలుపులో లోడు లారీ తిరగలేక రక్షణ గోడను గుద్దుకుంటుంది, స్కూటరు తేలిగ్గా తిరుగుతుంది. అలాగే బరువైన రేణువు ఎదుటి పళ్లేనికి అంటుకుపోతుంది. తేలికది గాలితో పాటు మలుపు తిరిగి వడపోత చేరుతుంది. మలుపులను ఒకదాని కింద ఒకటి, క్రమంగా ఇరుకు చేస్తూ పేరిస్తే రేణువులు సైజులవారీగా మెట్టుమెట్టుకూ దొరుకుతాయి. ఇలాంటి అంచెల పరికరాన్ని కె.ఆర్.మే 1945లో ప్రపంచానికి పరిచయం చేశాడు.

ఇక తూకం. పీఎం 2.5 పరికరం గంటకు ఒక ఘనపు మీటరు చొప్పున రోజంతా 24 ఘనపు మీటర్ల గాలిని పీలుస్తుంది. 2009 నవంబరులో మనదేశం పెట్టుకున్న హద్దు, 24 గంటల సగటున ఘనపు మీటరుకు 60 మైక్రోగ్రాములు. అంటే హద్దుకు సరిగ్గా తూగిన రోజున వడపోత మీద చేరేది ఒకటిన్నర మిల్లీగ్రాముకన్నా తక్కువ. బియ్యపు గింజలో పదోవంతు కూడా లేని ఆ ధూళిని తూచాలి! వడపోత కాగితానికి చెమ్మ పట్టినా, చేతి వేలు తగిలినా లెక్క తప్పుతుంది. అందుకే దాన్ని చిమటాతో పట్టుకుంటారు. వేడి, తేమ మారని గదిలో రోజంతా ఉంచి, ముందొకసారి, తర్వాత ఒకసారి తూస్తారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో ఇదే హద్దును 15 మైక్రోగ్రాములుగా సూచించింది. నాలుగోవంతు!

తూకం చెప్పని సంగతి

పది మైక్రాన్ల రేణువు ఒక్కటి, ఒక మైక్రాన్ రేణువులు వెయ్యి... రెండిటి బరువూ సమానమే. తక్కెడకు తేడా తెలియదు. ఊపిరితిత్తికి తెలుస్తుంది. పది మైక్రాన్లది ముక్కులోనో గొంతులోనో ఆగిపోయే అవకాశం ఎక్కువ. చీదితే, దగ్గితే పోతుంది. వెయ్యి చిన్నవాటిలో కొన్ని గాలి తిత్తులదాకా వెళ్లి అక్కడే ఉండిపోతాయి.

విద్యుత్ కేంద్రాల చిమ్నీ విషయంలో ఈ తేడా బాగా గుర్తుపెట్టుకోవాలి. పొగలోని బూడిదను పట్టడానికి ఈఎస్పీలుంటాయి. రేణువులకు విద్యుదావేశం ఎక్కించి పలకలకు అతికించేస్తాయి. మొదటి గదుల్లో ముతక బూడిద, చివరి గదుల్లో మెత్తనిది రాలుతుంది. బాగా నడిస్తే బరువులో 99 శాతానికి పైగా పట్టేస్తాయి. గొప్ప సంగతే. కానీ వాటి పట్టు అన్ని సైజుల మీదా ఒక్కలా ఉండదు. మైక్రాన్‌లో పదోవంతునుంచి ఒక మైక్రాన్‌దాకా ఉన్నవి మిగతావాటికన్నా ఎక్కువగా జారిపోతాయి. తప్పించుకున్న ఒక్క శాతంలో ఊపిరికి చేరగలవే ఎక్కువ పాళ్లుంటాయన్నమాట.

2015 డిసెంబరులో కేంద్రం చిమ్నీలకు కొత్త హద్దులు ప్రకటించింది. 2003లోపు వచ్చిన యూనిట్లకు ఘనపు మీటరుకు 100 మిల్లీగ్రాములు, 2004-16 మధ్యవాటికి 50, 2017నుంచి వచ్చినవాటికి 30. పాతవాటితో పోలిస్తే మేలే. అయితే ఇవీ మొత్తం బరువు లెక్కలే. ఆ ముప్ఫైలో ఒక మైక్రాన్ లోపువెన్నో చిమ్నీ మీటరు చెప్పదు. చెప్పమని నిబంధనా అడగదు.

పేరు పక్కన మిల్లీగ్రాములు

భద్రాచలం రామయ్య దర్శనానికి వెళ్తున్న భక్తులు ఇల్లెందు దగ్గర పొయ్యి పెట్టుకుంటే పొయ్యి రాళ్లే అంటుకున్నాయని ఈ ప్రాంతంలో కథగా చెప్పుకుంటారు. భారత భూగర్భ సర్వేక్షణ సంస్థకు చెందిన విలియం కింగ్ ఇక్కడ బొగ్గు ఉనికిని తేల్చింది 1871లో. ఇల్లెందులో తవ్వకం 1889లో మొదలైంది. అప్పటినుంచి కార్మికుల ఊపిరి మీద బొగ్గు పడుతూనే ఉంది. ఊపిరితిత్తుల్లో బొగ్గు ధూళి పేరుకుని వచ్చే న్యూమోకోనియోసిస్‌కు మందు లేదు. రాకుండా చూసుకోవడమే దారి.

గని ధూళి అంతా ప్రమాదం కాదు, ఏ సైజుది ప్రమాదమో తేల్చాలన్న పట్టుదల 1959లో జొహాన్నెస్‌బర్గ్ సదస్సులో ఒక కొలిక్కి వచ్చింది. అయిదు మైక్రాన్ల దగ్గర సగం దాటి, సగం ఆగే జల్లెడను ఊపిరితిత్తికి నమూనాగా తీసుకున్నారు. దాని ప్రకారం చేసిన పరికరం ఎంత సరళమంటే, సన్నటి సందులతో పలకలు వరుసగా పడుకోబెట్టి ఉంటాయి. గాలి మెల్లగా వాటి మధ్యనుంచి వెళ్తుంది. బరువైనవి పలకల మీద దిగిపోతాయి, మిగిలినవి వడపోత చేరతాయి. కళ్లం నీతే ఇదీ!

మన బొగ్గు గనుల నిబంధనలు 1957లో వచ్చాయి. వాటిలో తర్వాత చేరిన ధూళి హద్దు ఘనపు మీటరుకు 3 మిల్లీగ్రాములు. 2017 నిబంధనలు దాన్ని 2కు దించాయి. ధూళిలో ఇసుకరాయి సిలికా ఎక్కువైతే హద్దు ఇంకా కిందికి వస్తుంది. కార్మికుడి నడుముకు చిన్న పంపు, కాలరు దగ్గర మూతి ఉండే పరికరం కూడా ఉంది. షిఫ్టంతా అతను పీల్చిన గాలినే అదీ పీలుస్తుంది. గని మధ్యలో నిలబెట్టిన యంత్రానికీ దీనికీ చాలా తేడా. కట్టర్ దగ్గర నిలబడ్డవాడి గాలి వేరు, కాస్త ఎడంగా ఉన్నవాడి గాలి వేరు.

ఇబ్బందల్లా వడపోత ప్రయోగశాలకు వెళ్లి, తూకమై, అంకె తిరిగొచ్చేసరికి ఆ షిఫ్టు ఎప్పుడో అయిపోవడమే. అమెరికా బొగ్గు గనుల్లో 2016నుంచి కార్మికుడి నడుం దగ్గరే అప్పటికప్పుడు అంకె చూపించే యంత్రాలు తప్పనిసరి చేశారు. వడపోతను సన్నటి కొన మీద ఊపుతూ ఉంటారు. ధూళి చేరేకొద్దీ బరువెక్కి ఊపు నెమ్మదిస్తుంది. ఆ నెమ్మదే తూకం. అంకె పెరిగితే పని మధ్యలోనే పక్కకు జరగొచ్చు, నీళ్లు చల్లించమని అడగొచ్చు. ఇలాంటిది ప్రతి గనిలోనూ ఉండాలని కోరుకోవడం అత్యాశేమీ కాదు.

అడవి పొగ, లారీ దుమ్ము

బొగ్గుదొక్కటే నేరం అనుకోవడమూ తప్పే. భద్రాచలం చుట్టుపక్కల అడవుల్లో ఎండాకాలం ఇప్పపూలు ఏరడానికి చెట్టు కింద ఆకులు కాలుస్తారు. కొన్నిసార్లు ఆ నిప్పు ఎక్కడో ఆగుతుంది. కట్టెల పొయ్యి ముందు కూర్చుని వండే కోయ ఇల్లాలు పీల్చే పొగలో రేణువులు చాలావరకు అర మైక్రాన్ లోపువే. చిమ్నీకి మిల్లీగ్రాముల హద్దుంది, పొయ్యికి ఏ హద్దూ లేదు, ఏ యంత్రమూ లేదు.

ఈ మధ్య కొన్ని వేల రూపాయలకే చేతిలో ఇమిడే సెన్సర్లు వస్తున్నాయి. లోపల చిన్న లేజర్, చిన్న ఫ్యాను. వీటితో ఊరు తన గాలిని తానే చూసుకోగలగడం మంచి పరిణామం. అయితే రెండు సంగతులు తెలియకపోతే మోసపోతారు. చవక సెన్సర్లు పొగను బాగా పడతాయి, ముతక దుమ్మును సరిగా పట్టవు. బొగ్గు లారీలు తిరిగే రోడ్డు పక్కన పీఎం 10 తక్కువ చూపించిందంటే అక్కడ దుమ్ము లేదని కాదు. సత్తుపల్లి బొగ్గును రైలెక్కించే భద్రాచలం రోడ్-సత్తుపల్లి లైను 2022లో జాతికి అంకితమైంది. అది రోడ్డు దుమ్మును ఎంత తగ్గించిందో తేల్చాలన్నా తూకం వేసే పరికరమే కావాలి.

రెండోది చెమ్మ. చలికాలం గోదావరి ఒడ్డున మంచు పడుతున్న తెల్లవారుజామున రేణువులు నీళ్లు పీల్చి ఉబ్బుతాయి. సెన్సర్ వాటిని లావుగా చూసి అంకె పెంచేస్తుంది. అలాగని ఉదయపు అంకెను పూర్తిగా కొట్టిపారేయడానికీ లేదు. ఆ వేళ చల్లటి గాలి నేలను అంటిపెట్టుకుని పొగను పైకి పోనివ్వదు, నిజంగానే ధూళి పెరుగుతుంది. ప్రయోగశాల పరికరాలకు గాలిని కాస్త వేడిచేసి తడి ఆర్పే గొట్టం ఉంటుంది. చవకవాటిలో చాలావాటికి ఉండదు. అందుకే వాటిని కొన్నాళ్లు పెద్ద పరికరం పక్కనే పెట్టి రెండిటి అంకెలూ పోల్చి, తేడా ఎంతో రాసుకున్నాకే ఊళ్లో బిగించాలి. బిగించే చోటు కూడా మేడ మీద కాదు... మనుషులు ఊపిరి పీల్చే ఎత్తులో, వంటింటి కిటికీ దగ్గర ఒకటి, లారీలు మలుపు తిరిగే చోట ఒకటి.