ప్రోస్టేట్ స్కాన్ రాశారా? సైజు కంటే ముందు చూడాల్సిన అంకె మరొకటి ఉంది

చిల్లకూరులో ఉంటున్న నాన్న రాత్రి నాలుగైదుసార్లు లేస్తున్నారని అమ్మ ఫోన్లో చెబుతుంది. ‘వయసు మీద పడ్డాక ఇంతేలే’ అని ఆయన కొట్టిపారేస్తారు. చివరికి గూడూరులో డాక్టర్‌కు చూపిస్తే స్కాన్ రాస్తారు. సాయంత్రానికి చెన్నైలోనో హైదరాబాద్‌లోనో ఉన్న కొడుకు వాట్సాప్‌కు రిపోర్టు ఫొటో వస్తుంది. కింద పెద్ద అక్షరాల్లో ‘గ్రేడ్ 2 ప్రోస్టేటోమెగలీ’ అని ఉంటుంది. ఆ మాట గూగుల్‌లో కొట్టిన పది నిమిషాలకే ఇంటిల్లిపాదికీ క్యాన్సర్ భయం పట్టుకుంటుంది.

ఆ మాటకు అర్థం ప్రోస్టేట్ గ్రంథి పెరిగిందని, అంతే. క్యాన్సర్ అని కాదు.

అసలు ఈ స్కాన్‌లో ఏం చూస్తారు?

ప్రోస్టేట్ మగవాళ్లకు మాత్రమే ఉండే చిన్న గ్రంథి. మూత్రాశయం కింద, మూత్రనాళం చుట్టూ ఉంటుంది. యువకుల్లో 20 నుంచి 25 సీసీ ఉంటుంది. వయసుతో పాటు పెరుగుతుంది. 60 ఏళ్లు వచ్చేసరికి సుమారు సగం మందిలో ఈ పెరుగుదల కనిపిస్తుంది. మూత్రనాళాన్ని నొక్కితే ధార సన్నబడుతుంది, మళ్లీ మళ్లీ వెళ్లాల్సి వస్తుంది.

డాక్టర్లు మొదట రాసేది పొట్ట మీద నుంచి చేసే స్కాన్. చీటీ మీద ‘కేయూబీ అండ్ ప్రోస్టేట్’ అని ఉంటుంది. అంటే కిడ్నీలు, మూత్రనాళాలు, మూత్రాశయం కూడా చూస్తారు. పొత్తికడుపు మీద చల్లటి జెల్ రాసి ప్రోబ్ ఆనించి తిప్పుతారు. పది, పదిహేను నిమిషాల పని. నొప్పి ఉండదు, సూది ఉండదు, రేడియేషన్ ఉండదు. పంచె నడుం కిందకు కాస్త జారిస్తే చాలు, బట్టలు విప్పనక్కర్లేదు. చాలామంది పెద్దవాళ్లు వెనకాడేది దీనికే కాబట్టి ముందే చెప్పండి.

తిని వెళ్లొచ్చా అన్నది మరో సందేహం. కేయూబీ వరకే అయితే తినొచ్చు. మొత్తం పొట్ట స్కాన్ రాస్తేనే కొన్ని గంటలు పరగడుపున ఉండమంటారు. షుగర్ ఉన్నవాళ్లు ఈ తేడా తెలియక అనవసరంగా ఆకలితో కూర్చుంటున్నారు. చీటీలో ఏది రాశారో అడిగి తెలుసుకోండి.

నీళ్లు ఎప్పుడు తాగాలి?

ఎక్కువ పొరపాట్లు ఇక్కడే జరుగుతాయి. మూత్రాశయం నిండితేనే దాని వెనకా కిందా ఉన్న ప్రోస్టేట్ తెరమీద స్పష్టంగా కనిపిస్తుంది. అందుకే గంట ముందు నాలుగైదు గ్లాసుల నీళ్లు తాగి, మూత్రం ఆపుకోమంటారు. వరగలి లాంటి తీర గ్రామం నుంచి బయల్దేరే మనిషి ఇంట్లోనే అన్ని నీళ్లూ తాగేస్తే బస్సులోనే అవస్థ మొదలవుతుంది. టోకెన్ చేతికొచ్చి, తన ముందు ఎంతమంది ఉన్నారో తెలిశాక తాగడమే మంచిది.

మొదటి చిత్రాలు తీశాక మూత్రానికి వెళ్లి రమ్మంటారు. వచ్చాక మళ్లీ చూసి, ఎంత మిగిలిందో కొలుస్తారు. రిపోర్టులో దాన్ని పీవీఆర్ అంటారు. సైజు కంటే ముందు చూడాల్సింది ఈ అంకెనే. 30 సీసీ ఉన్నా తీవ్ర ఇబ్బంది పడేవాళ్లున్నారు, 80 సీసీ ఉండీ హాయిగా తిరిగేవాళ్లున్నారు. మిగిలింది 50 ఎంఎల్ లోపు ఉంటే సాధారణంగా కంగారక్కర్లేదు. 200 దాటితే మూత్రాశయం సరిగా ఖాళీ కావడం లేదని అనుమానించాలి. అదే రిపోర్టులో ‘హైడ్రోనెఫ్రోసిస్’ అని కూడా ఉంటే ఆలస్యం చేయొద్దు. మూత్రం వెనక్కి తన్ని కిడ్నీలు ఉబ్బాయని దానర్థం.

అయితే ఒక చిక్కుంది. మూడు గంటలు లైన్‌లో ఆపుకుని కూర్చున్న మనిషి మూత్రాశయం విపరీతంగా నిండి, ఒక్కసారిలో ఖాళీ కాదు. అప్పుడు పీవీఆర్ ఉన్నదానికంటే ఎక్కువ వస్తుంది. ఆపుకోలేకపోతే సిబ్బందికి చెప్పి ముందు పిలవమనండి. మొహమాటపడి ఆపుకుంటే తప్పు అంకె వస్తుంది, ఆ అంకెను బట్టే మందులు రాస్తారు. అనుమానంగా ఉంటే ఇంకో రోజు మళ్లీ కొలిపించండి.

ఎక్కడ చేస్తారు?

మండలంలోని ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో డాక్టర్‌కు చూపించి, అక్కడి నుంచి గూడూరు ఏరియా ఆసుపత్రికి రెఫర్ చేయించుకోవచ్చు. బయల్దేరే ముందు ఆ రోజు రేడియాలజిస్టు ఉన్నారో లేదో ఫోన్ చేసి కనుక్కోండి. యూరాలజిస్టు అవసరమైతే నెల్లూరు ప్రభుత్వ సర్వజన ఆసుపత్రిలో అడగాలి, సుమారు 40 కిలోమీటర్లు. ఆభా నంబరు ఉంటే క్యూఆర్ కోడ్ స్కాన్ చేసి ఓపీ టోకెన్ తీసుకునే సదుపాయం 2022 నుంచి ప్రభుత్వ ఆసుపత్రుల్లో మొదలైంది. ఆపరేషన్ దాకా వస్తే ప్రోస్టేట్‌ను లోపల నుంచి చెక్కే టీయూఆర్‌పీ చికిత్స ఎన్టీఆర్ వైద్యసేవ, అంటే పాత ఆరోగ్యశ్రీ జాబితాలో ఉంది. వివరాలకు 104కు ఫోన్ చేయండి.

చిన్న యంత్రాన్నే ఊరికి తెచ్చి శిబిరం పెట్టొచ్చు కదా అనిపించొచ్చు. స్కాన్ సెంటర్ గోడ మీద ‘లింగ నిర్ధారణ చేయబడదు’ అన్న బోర్డు చూసే ఉంటారు. ఆ 1994 చట్టం ప్రకారమే ప్రతి అల్ట్రాసౌండ్ యంత్రమూ రిజిస్టర్ కావాలి. చేత్తో మోసుకెళ్లే యంత్రాలపై 2012లో నిబంధనలు ఇంకా బిగించారు. ఆడపిల్లలను కాపాడటానికి వచ్చిన నియమం అది. దాని బరువు ఈ తాతల ప్రయాణం మీదా కాస్త పడుతోంది.

మలద్వారం నుంచి చేసే స్కాన్ ఎందుకు?

దీన్ని ‘ట్రస్’ అంటారు. అందరికీ అవసరం ఉండదు. పీఎస్‌ఏ రక్తపరీక్ష ఎక్కువ వచ్చినా, వేలితో పరీక్షించినప్పుడు గట్టిగా తగిలినా, క్యాన్సర్ అనుమానంతో ముక్క తీయడానికి ఎక్కువగా వాడతారు. ఎడమవైపు తిరిగి, మోకాళ్లు ఛాతీకి దగ్గరగా మడిచి పడుకోవాలి. తొడుగు వేసి, జెల్ రాసిన వేలంత ప్రోబ్‌ను లోపలికి పంపుతారు. ఇబ్బందిగా ఉంటుంది, నొప్పి తక్కువే. ముక్క తీస్తే తిమ్మిరి మందిస్తారు. ‘టక్’మనే శబ్దంతో సాధారణంగా పది, పన్నెండు సన్నని ముక్కలు తీస్తారు. రక్తం పలుచబరిచే మాత్రలు వాడుతుంటే ముందే చెప్పాలి. గుండె డాక్టర్‌ను అడగకుండా సొంతంగా ఆపొద్దు. తర్వాత కొద్ది రోజులు మూత్రంలో, మలంలో, కొన్ని వారాలు వీర్యంలో కొంచెం రక్తం కనిపించొచ్చు. జ్వరం, చలి వస్తే మాత్రం తెల్లారేదాకా ఆగకుండా ఆసుపత్రికి వెళ్లాలి.

స్కాన్‌లో ‘అంతా మామూలే’ అని వచ్చినా క్యాన్సర్ లేదని తేలినట్టు కాదు. మొదట్లో అది అల్ట్రాసౌండ్‌కు చిక్కకపోవచ్చు. అందుకే పీఎస్‌ఏ, ఎంఆర్ఐ కూడా అడుగుతారు.

నాన్నకు మూత్రం పూర్తిగా ఆగి, పొత్తికడుపు బిగుసుకుపోతే స్కాన్ అపాయింట్‌మెంట్ కోసం చూడకండి, ఇక నీళ్లు తాగించకండి. 108కి ఫోన్ చేసి దగ్గరలోని అత్యవసర విభాగానికి చేర్చండి. అక్కడ ముందు గొట్టం వేసి మూత్రం తీస్తారు. స్కాన్ సంగతి తర్వాత.