తెలివైన బిడ్డకు తోడెవరు?

"మావానికి నూటికి నూరొస్తాయక్కా. కానీ ఆడుకుందాం రారా అని పిలిచే పిల్లోడు ఒక్కడూ లేడు."

బేతంచెర్లలో మా వీధి అరుగు మీద కూర్చుని కందిపప్పు ఏరుతూ ఓ తల్లి అన్న మాట ఇది. ఇంటాయన బండల పాలిష్ ఫ్యాక్టరీలో పని చేస్తాడు. కొడుకు చదివేది నాలుగో తరగతే అయినా ఆరో తరగతిలో ఉన్న అన్న లెక్కలు చేసిపెడతాడు. వీధంతా మెచ్చుకుంటుంది. తల్లికి మాత్రం దిగులు.

ఆమె మాట వినగానే మా అమ్మాయి ఫోన్‌లో చూపించిన 'యంగ్ షెల్డన్' గుర్తొచ్చింది. అమెరికాలో సి.బి.ఎస్. ఛానెల్‌లో 2017 నుంచి 2024 దాకా ఏడు సీజన్లు వచ్చిన కుటుంబ హాస్య సీరియల్ అది. కడుపుబ్బ నవ్విస్తుంది. కానీ తల్లిగా చూస్తే మాత్రం గుండె చివుక్కుమంటుంది.

ఒక్క స్నేహితుడు చాలు

కథ 1989లో టెక్సాస్‌లో మొదలవుతుంది. తొమ్మిదేళ్ళ షెల్డన్‌ని ఏకంగా హైస్కూల్లో వేస్తారు. అదే బళ్ళో అన్న జార్జీ చదువుతుంటాడు, తండ్రి ఫుట్‌బాల్ కోచ్. తనకన్నా ఎంతో పెద్ద పిల్లల మధ్య, టీచర్ల తప్పులు సైతం దిద్దే ఈ బుడతడితో ఎవరు కలుస్తారు చెప్పండి? వాడికి స్నేహితులు లేరని తల్లి మేరీ బెంగపెట్టుకుంటుంది. అమ్మ బెంగ తీర్చాలని వాడు స్నేహం ఎలా చెయ్యాలో పుస్తకం చదివి నేర్చుకోబోతాడు! చివరికి లైబ్రరీలో టామ్ అనే వియత్నాం కుర్రాడు తోడు దొరుకుతాడు. ఆ ఒక్కడితోనే మేరీ మనసు కుదుటపడుతుంది.

రెండో బిడ్డ మాటేమిటి?

షెల్డన్‌తోపాటు పుట్టిన కవల పిల్ల మిస్సీ. ఎదుటివాళ్ళ మనసు ఇట్టే పట్టేస్తుంది. అదీ తెలివే కదా! కానీ ఆ తెలివికి మార్కులెవరు వేస్తారు? ఇంట్లో డబ్బూ, అమ్మ ఓపికా అన్నీ షెల్డన్ చుట్టూనే. ఒకసారి వాడికి కంప్యూటర్ కొనే విషయంలో భార్యాభర్తలే పోట్లాడుకుంటారు. "నన్నెవరూ పట్టించుకోరు" అన్న బాధ మిస్సీలో ఏళ్ళ తరబడి పేరుకుని, ఓ రోజు నాన్న ట్రక్కు తీసుకుని ఇల్లు విడిచి పోయేదాకా వస్తుంది.

ఆమెతో వెళ్ళింది ఎవరో కాదు, షెల్డన్‌కి సాటి వచ్చే తెలివైన పిల్ల పేజ్. తల్లిదండ్రులు విడిపోయాక ఆ పిల్లకు చదువు మీదే విరక్తి పుట్టి కాలేజీ మానేస్తుంది. ఎంత తెలివున్నా ఇల్లు చెదిరితే పసిమనసు తట్టుకోలేదు.

మన ఇళ్ళల్లో...

పిల్లాడు చురుగ్గా ఉంటే నవోదయ పరీక్ష రాయించడం మన కర్నూలు వైపు మామూలే. బనవాసి నవోదయలో సీటొచ్చిందంటే ఇంట్లో పండగే. మంచిదే. కానీ ఆరో తరగతికే ఇల్లు వదలాలని మరవకండి. సీరియల్లో షెల్డన్‌నీ డల్లాస్‌లో తెలివైన పిల్లల బడికి పంపుతారు. ఉండలేక మళ్ళీ ఇంటికే తెచ్చుకుంటారు. పంపాలా వద్దా అన్నది బిడ్డ గుణాన్ని బట్టి మీరే తేల్చుకోవాలి. పంపితే మాత్రం ఫోన్ చేసినప్పుడు "ఎన్ని మార్కులొచ్చాయి?" అనే ముందు "ఎవరి పక్కన కూర్చుని తిన్నావు?" అని అడగండి.

ఇంకొన్ని మాటలు:

* చుట్టాల ముందు నిలబెట్టి ఎక్కాలు అప్పగించమనకండి. బిడ్డ బొమ్మ కాదు.
* "తమ్ముణ్ణి చూసి నేర్చుకో" అని పెద్దవాణ్ణి దెప్పకండి. ఆ మాట అన్నదమ్ముల మధ్య గోడ కడుతుంది.
* రోజుకో పావుగంట రెండో బిడ్డకే కేటాయించండి. వంటింట్లో చపాతీలు ఒత్తుతూ కబుర్లు చెప్పుకున్నా చాలు.
* తోటి పిల్లలు రాకపోతే మీరే పిలవండి. నాలుగు బొరుగులుండలు చేసి పెడితే ఆట దానంతటదే మొదలవుతుంది.
* ఒంటరిగా ఉండే పిల్లలంతా బాధపడుతున్నట్టు కాదు. కానీ తిండి, నిద్ర తగ్గినా, బడికి పోనని మొండికేసినా టీచరుతో, డాక్టరుతో మాట్లాడండి.

అరుగు మీది ఆ తల్లితో నేనన్నదీ ఇదే. "నూరు మార్కులు వాడే తెచ్చుకుంటాడమ్మా. తోడు మాత్రం మనమే వెతికిపెట్టాలి." ఆమె చేట పక్కన పెట్టి, "రేపు ఆదివారమే కదక్కా, ఎదురింటి పిల్లోళ్ళను పిలుస్తా" అంది.