కొన్న ఆట ఎవరిది?

పిల్లలూ, మీ చేతుల్లో ఉన్న సెల్లు గురించి మాట్లాడుకుందాం. అందులో ఆటలున్నాయి. వాటి కోసం మీ నాయన ఖాతాలోంచి అప్పుడప్పుడూ రూపాయలు పోతుంటాయి. ఆ రూపాయలకు బదులుగా మీకు దక్కేది ఏంది? మొన్న మా మనవణ్ణి ఇదే అడిగితే "ఆట కొన్నాను తాతా, అది నాది" అన్నాడు. "నీదయితే పక్కింటి చిన్నోడికి అమ్ము, చూద్దాం" అన్నాను. వాడు మెనూలన్నీ వెతికి, సెట్టింగులన్నీ తిప్పి, "అమ్మే బటను లేదే!" అన్నాడు.

ఉండదు మరి. మనం కొన్నది ఆటను కాదు, ఆడుకోవడానికి అనుమతిని. మన డోన్ చుట్టుపక్కల చేను గుత్తకు తీసుకోవడం మీరు చూసే ఉంటారు. గుత్తకు తీసుకున్నాయన దున్నుతాడు, శనక్కాయ విత్తుతాడు, పంట ఇంటికి తెచ్చుకుంటాడు. చేను అమ్ముతానంటే మాత్రం కుదరదు, పట్టా ఇంకొకరి పేరున ఉంది. ఆటల సంగతీ అంతే. ఒక్క తేడా ఉంది. గుత్త ఎన్నేళ్లో చేనుకు దిగకముందే రైతుకు తెలుసు. ఆట కొన్నవాడికి ఆ గడువు ఎవరూ చెప్పరు.

ఎప్పుడూ ఇట్లే ఉండేదా అంటే, లేదు. మీ అమ్మానాయనలు చిన్నగా ఉన్నప్పుడు, 1990లలో, టీవీకి తగిలించే వీడియో గేము పెట్టెలుండేవి. పైన క్యాసెట్ గుచ్చితే ఆట మొదలయ్యేది. ఆ క్యాసెట్ లోపల ఉండేది టేపు కాదు, చిప్పు. ఆట మొత్తం దాని మీదే. 1985లో జపాన్ కంపెనీ నింటెండో తెచ్చిన సూపర్ మారియో బ్రదర్స్ మొత్తం కలిపి 40 కిలోబైట్లు. ఈ రోజు మీరు వాట్సాప్‌లో పంపే ఒక్క ఫోటో అంతకన్నా పెద్దది. క్యాసెట్ ఎవరి చేతిలో ఉంటే ఆట వాళ్లది. విసుగు పుడితే స్నేహితుడికిచ్చి ఇంకోటి మార్చుకునేవాళ్లు. నువ్వెవరు, నీ మెయిలేంది, నీ నంబరేంది అని ఆ పెట్టె ఎప్పుడూ అడగలేదు.

చేతికొచ్చిన వస్తువు మీద కొన్నవాడికి ఎంత హక్కుందో చెప్పే పాత తగువు ఒకటుంది. అమెరికాలో ఒక ప్రచురణకర్త తన నవల లోపల "దీన్ని 1 డాలరుకు తక్కువకు అమ్మకూడదు" అని అచ్చేశాడు. న్యూయార్కులోని మేసీస్ అనే పెద్ద దుకాణం దాన్ని 89 సెంట్లకే అమ్మింది. కేసు సుప్రీంకోర్టు దాకా పోయింది. 1908లో తీర్పు దుకాణం వైపే వచ్చింది. పుస్తకం ఒకసారి అమ్మినాక, దాన్ని మళ్లీ ఎంతకు అమ్మాలో శాసించే హక్కు కాపీరైటు ఉన్నవాడికి లేదని కోర్టు చెప్పింది. అమెరికాలో పాత పుస్తకాలు, పాత క్యాసెట్లు చేతులు మారడానికి ఈ సూత్రమే ఆధారం.

మరి ఈ సూత్రం సెల్లులోని ఆటకు ఎందుకు పని చేయట్లేదు? ఇక్కడే సైన్సు ఉంది. ఫైలుకు ఒక గుణముంది. దాన్ని కాపీ చేస్తే అసలుకు, నకలుకు ఒక్క బిట్టు కూడా తేడా ఉండదు. పుస్తకం మీకిస్తే నా చేతిలో ఉండదు. ఫైలు మీకిచ్చినా నా దగ్గర అట్లే ఉంటుంది. ఒకడు కొని వెయ్యిమందికి పంచితే కంపెనీ గతేంగాను? అందుకని వాళ్లు ఫైలును కాపాడుకునే పని చాలావరకు వదిలేసి, "కొన్నాడు" అన్న రుజువును తమ దగ్గర పెట్టుకున్నారు. చాలా ఆటల ఫైళ్లు ఎవరైనా దించుకోవచ్చు. కొన్నట్టు రుజువు మాత్రం ఎక్కడో దూరాన సర్వర్‌లో ఉంటుంది.

మీరు "కొను" బటను నొక్కగానే ఏం జరుగుతుందో నిదానంగా చూద్దాం. యూపీఐలో డబ్బు పోతుంది, మెసేజి వస్తుంది. అదే సమయంలో సర్వర్‌లోని డేటాబేస్‌లో ఒక వరుస చేరుతుంది. అందులో అకౌంటు నంబరు, కొన్న వస్తువు, తేదీ, చెల్లింపు నంబరు ఉంటాయి. మీ బొమ్మ వేసుకున్న ఎర్రచొక్కా, చేతిలోని బంగారు తుపాకి, నిజానికి ఆ ఒక్క వరుసే. మీరు మళ్లీ ఆట తెరిచినప్పుడు ఫోను సర్వర్‌ను అడుగుతుంది, ఈ అకౌంటుకు ఏమేం ఉన్నాయి అని. సర్వర్ జవాబు పంపుతుంది. మధ్యలో ఎవరూ ఆ జవాబును మార్చకుండా చాలా ఆటల్లో దాని మీద డిజిటల్ సంతకం ఉంటుంది. సంతకం పెట్టే రహస్య కీ సర్వర్ దగ్గరే ఉంటుంది. సరిచూసే కీ ఫోనులో ఉంటుంది. సరిచూసే కీతో సంతకం పెట్టడం కుదరదు. రివెస్ట్, షమీర్, అడెల్మన్ అనే ముగ్గురు 1977లో కనిపెట్టిన ఆర్‌ఎస్‌ఏ పద్ధతి ఇట్లాంటిదే.

"అయితే నేనే నేనని సర్వర్‌కు ఎట్ల తెలుస్తాది తాతా?" అంది మా మనవరాలు. పాస్‌వర్డ్‌తో తెలుస్తుంది పాపా. తమాషా ఏమిటంటే, సరిగ్గా కట్టిన సర్వర్ దగ్గర నీ పాస్‌వర్డ్ ఉండదు. దాన్ని ఒక లెక్కలో వేసి తీసిన హాష్ మాత్రమే ఉంటుంది. ఎస్‌హెచ్‌ఏ-256 అనే లెక్కలో రెండక్షరాల మాట వేసినా, రామాయణమంతా వేసినా ఫలితం 256 బిట్లే. లోపలికి పోయే దాంట్లో ఒక్క అక్షరం మారితే ఫలితం గుర్తుపట్టలేనంతగా మారిపోతుంది. ఫలితం నుంచి వెనక్కి నడిచి అసలు మాటను రాబట్టే లెక్క లేదు. పాస్‌వర్డ్‌ల కోసమైతే 1999లో వచ్చిన బీక్రిప్ట్ లాంటి పద్ధతులున్నాయి. వాటిని కావాలనే నెమ్మదిగా నడిచేటట్టు తయారుచేశారు. దొంగ కోట్ల మాటలు వరసగా ప్రయత్నించి చూడాలంటే వాడికి ఏళ్లు పట్టాలని. ఇంతా చేసి సర్వర్‌కు మీ ముఖం తెలియదు. పాస్‌వర్డ్, ఓటీపీ ఎవరు చెప్తే వాళ్లే అకౌంటు గలవాళ్లు.

ఇక్కడ చాలామంది దెబ్బతినే చోటు గెస్ట్ అకౌంటు. తొందర్లో మెయిలూ నంబరూ ఏమీ ఇవ్వకుండా "గెస్ట్" నొక్కి ఆట మొదలుపెడతారు. అప్పుడు అకౌంటుకున్న ఆధారమల్లా ఆ ఫోనులో దాచిన ఒక గుర్తే. బేతంచెర్లలో నాపరాళ్ల పాలిష్ ఫ్యాక్టరీలో పనిచేసే మా బంధువుల పిల్లోడు ఒకడు రెండేళ్లు అట్లే ఆడినాడు. జీతంలో నుంచి కొంచెం కొంచెం తీసి బొమ్మకు బట్టలు, బండ్లు కొన్నాడు. ఒకరోజు ఫోను నీళ్ల తొట్టిలో పడింది. డోన్ బస్టాండు దగ్గర రిపేరు అంగడికి తెచ్చి ఇస్తే, అంగడాయన మూత విప్పి, టార్చి వేసి చూసి, బోర్డు పోయిందన్నాడు. కొత్త ఫోను కొని ఆట వేస్తే తెర మీద "పేరు పెట్టుకోండి" అని వచ్చింది. రెండేళ్ల కొనుగోళ్లు సర్వర్‌లో పదిలంగానే ఉండుంటాయి. అవి తనవని చెప్పుకునే దారి మాత్రం వాడికి లేదు. మెయిలుకో, ఫోను నంబరుకో అకౌంటును ముడివేసి ఉంటే కొత్త ఫోనులో అన్నీ కనపడేవి.

అకౌంటు భద్రంగా ఉన్నంత మాత్రాన ఆట ఉంటుందన్న భరోసా కూడా లేదు. 2020 సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వం ఐటీ చట్టంలోని 69ఏ సెక్షన్ కింద 118 యాప్‌లను ఆపేసింది. వాటిలో పబ్జీ మొబైల్ ఒకటి. మన ఊళ్లలో కూడా అరుగుల మీద, రైల్వే ప్లాట్‌ఫారాల మీద పిల్లలు గుంపుగా కూర్చుని ఆడిన ఆట అది. అప్పటికే ఫోనులో ఉన్నవాళ్లు ఇంకొన్నాళ్లు ఆడినారు. అక్టోబరు 30న మన దేశంలో సర్వర్లను కూడా ఆపేశారు. ఫోనులో ఫైళ్లన్నీ అట్లే ఉన్నాయి, ఆట మాత్రం లేదు. ఎందుకంటే ఆ ఆటలో వందమంది ఒకేసారి దిగుతారు. ఎవరెక్కడున్నారు, ఎవరి తూటా ఎవరికి తగిలింది అన్న లెక్క సర్వర్ లేనిదే కుదరదు. అది లేకపోతే ఫోనులో మిగిలేది బొమ్మలూ, శబ్దాలే.

2021 జులై 2న కొరియా కంపెనీ క్రాఫ్టన్ అదే ఆటను బీజీఎమ్ఐ అనే పేరుతో మన దేశానికి తెచ్చింది. పాత కొనుగోళ్లను కొత్త ఆటలోకి మార్చుకునే అవకాశం ఇచ్చింది, దానికి గడువు పెట్టింది. సోషల్ మీడియా అకౌంటుతో లాగిన్ అయి, గడువులోగా మార్చుకున్నవాళ్లకు పాతవి తిరిగొచ్చాయి. వట్టి గెస్టుగా ఆడినవాళ్లు మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టినారు. 2022 ఫిబ్రవరి 14న ఫ్రీ ఫైర్ అనే ఇంకో ఆట ఆగిపోయినప్పుడూ ఇదే కథ. దాని తోబుట్టువు ఫ్రీ ఫైర్ మ్యాక్స్ వేరే ఆట అయినా, రెంటికీ అకౌంటు ఒక్కటే. అందుకని అదే లాగిన్‌తో అందులోకి పోతే సామాన్లు కనపడ్డాయి. ఆ ఏడాది జులైలో బీజీఎమ్ఐ కూడా స్టోర్ల నుంచి మాయమై, మళ్లీ 2023 మే నెలలో వచ్చింది. ఆట వస్తుంటుంది, పోతుంటుంది. సామాన్లు దక్కినవాళ్లకు దక్కింది అకౌంటు వల్లనే.

ప్రభుత్వం ఆపితేనే ఆటలు పోతాయనుకోకండి. ఫ్రాన్స్ కంపెనీ యుబిసాఫ్ట్ 2014లో ది క్రూ అనే కారు పందేల ఆట అమ్మింది. ఒంటరిగా కారు తోలుకున్నా సర్వర్‌తో మాట్లాడనిదే అది నడవదు. 2024 మార్చి 31న కంపెనీ ఆ సర్వర్లను ఆపేసింది. డబ్బులిచ్చి డిస్కు కొని అల్మారాలో దాచుకున్నవాళ్లకు కూడా ఆట పోయింది. ఆ తర్వాత, కొన్నవాళ్ల అకౌంట్లలో నుంచి ఆ ఆట లైసెన్సును కూడా తీసేశారు. దీని మీద కోపంతో రాస్ స్కాట్ అనే యూట్యూబరు "స్టాప్ కిల్లింగ్ గేమ్స్" ఉద్యమం మొదలుపెట్టాడు. అమ్మిన ఆటను ఆపేసేటప్పుడు, సర్వర్ లేకుండా ఆడుకునే ఏర్పాటు ఏదో ఒకటి చేసి పొండి అన్నది వాళ్ల కోరిక. ఐరోపాలో ఆ అర్జీ మీద 2025 జులై నాటికి 10 లక్షల సంతకాలు దాటాయి. అమెరికాలోని కాలిఫోర్నియాలో 2025 జనవరి 1 నుంచి ఒక చట్టం అమల్లోకి వచ్చింది. ఇచ్చేది లైసెన్సు మాత్రమే అయితే, ఆ సంగతి స్పష్టంగా చెప్పకుండా "కొనండి" అని బటను మీద రాయకూడదని దాని సారం. కంప్యూటర్ ఆటలమ్మే స్టీమ్ అనే అంగడి 2024 అక్టోబరు నుంచే డబ్బు కట్టే చోట, ఇచ్చేది లైసెన్సేనని రాసి పెడుతోంది.

నా లెక్క ప్రకారం స్కాట్ వాళ్లది న్యాయమైన కోరికే. సర్వర్ ఎల్లకాలం నడపమని ఎవరూ అనట్లేదు, కరెంటుకు డబ్బవుతుంది. అమ్మేటప్పుడే ఎన్నేళ్లు నడుపుతారో చెప్పడానికి ఏమయింది? పోలండ్‌లో 2008లో మొదలైన గాగ్ అనే అంగడి, కొన్న ఆట ఫైలును మీ కంప్యూటర్లో దాచుకోనిస్తుంది. లాగిన్ లేకుండా, నెట్ లేకుండా పెట్టుకుని ఆడొచ్చు. అంటే సాధ్యం కాని పనేం కాదిది.

ఇంకో మాట. మీకు 18 ఏళ్లు నిండలేదు. 1872 నాటి మన కాంట్రాక్టు చట్టం ప్రకారం మైనరు చేసుకున్న ఒప్పందం చెల్లదు. 1903లో, అప్పటి పైకోర్టు ప్రివీ కౌన్సిల్ కూడా అదే తేల్చింది. "ఒప్పుకుంటున్నాను" అని మీరు నొక్కే బటను వెనకాల ఉన్న ఒప్పందం పెద్దవాళ్లు చదవాల్సింది. చాలా ఇళ్లలో ఫోను నాయనది, మెయిలూ నాయనదే. అంటే మీరు మీదనుకుంటున్న ఆట ఆయన అకౌంటులో ఉంది. పెద్దయి మీ సొంత మెయిలు తెరుచుకున్నాక కొనుగోళ్లను అందులోకి మార్చమంటే గూగుల్ ప్లే మార్చదు. ఏ మెయిలుతో కొంటున్నారో మొదటి రోజే ఆలోచించుకోండి.

ఆట ఐడీలు అమ్మకానికి పెట్టేవాళ్లుంటారు, వాళ్ల జోలికి పోకండి. డబ్బు తీసుకుని పాస్‌వర్డ్ ఇస్తారు. వారం తిరక్కుండా, మొదట ముడివేసిన మెయిలుతో "పాస్‌వర్డ్ మర్చిపోయాను" అని నొక్కి అకౌంటు వెనక్కి లాక్కుంటారు. ఫిర్యాదు చేద్దామన్నా, అకౌంటు అమ్మకమే ఒప్పందానికి విరుద్ధం కాబట్టి కంపెనీ మీ వైపు మాట్లాడదు.

ఇక మీరు చేయాల్సింది కొంచెమే. గెస్టుగా ఆడుతుంటే ఈ రోజే మెయిలుకు ముడివేయండి. సిమ్ము మారిస్తే ముందు అకౌంటులో నంబరు మార్చండి, మీరు వదిలేసిన నంబరు కొన్నాళ్లకు వేరేవాళ్లకు పోతుంది, ఓటీపీలు కూడా వాళ్లకే పోతాయి. గూగుల్ అకౌంటుకు రెండంచెల తాళం పెడితే పది బ్యాకప్ కోడ్లు ఇస్తుంది, ఒక్కోటి ఒక్కసారే పనిచేస్తుంది. వాటిని కాగితం మీద రాసి, రేషన్ కార్డు పెట్టే చోట పెట్టమని అమ్మకివ్వండి. కొన్న ప్రతిసారీ వచ్చే రసీదు మెయిలును చెరిపేయకండి. మోసం జరిగిందనిపిస్తే వినియోగదారుల సహాయ నంబరు 1915కు ఫోను చేయించండి, రసీదు చేతిలో ఉంటే మీ మాటకు బలం వస్తుంది. ఇంకా డబ్బు పెట్టాలనిపిస్తే, నెట్ ఆపేసి ఆ ఆట తెరిచి చూడండి. తెరుచుకోకపోతే, అది ఎన్నాళ్లుండేదీ మీ చేతిలో లేదని గుర్తుపెట్టుకుని, పోయినా బాధపడనంత డబ్బు మాత్రమే పెట్టండి.