రచయితగారు మేకప్ వేసుకున్నారు!

ఉంగుటూరు, నూజివీడు వైపు ఏ ఇంట్లోనైనా టీవీలో ‘ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య’ వస్తోందనుకోండి. చిరంజీవిని చూసి కుర్రకారు ఈల వేస్తారు. మాధవిని గుర్తుపడతారు. పెద్దవాళ్ళు మాత్రం ఇంకొకర్ని చూపించి “అదుగో, సుబ్బారావు!” అంటారు.

ఎవరీ సుబ్బారావు? కత్తి తీయడు, గొంతు పెంచడు. నవ్వుతూ, నెమ్మదిగా మాట్లాడుతూ పచ్చని కాపురంలో నిప్పులు పోస్తాడు. చూస్తున్న మనకి ఒళ్ళు మండిపోతుంది!

ఆయనే గొల్లపూడి మారుతీరావు. 1982లో ఆ చిత్రం విడుదలయ్యేనాటికి ఆయనకి నలభై మూడేళ్ళు. దర్శకుడు కోడి రామకృష్ణకి అది మొదటి సినిమా, నటుడిగా గొల్లపూడికీ అంతే. అయితే చిత్రరంగానికి మాత్రం ఆయన కొత్త కాదు సుమండీ!

1939 ఏప్రిల్ 14న విజయనగరంలో పుట్టిన ఈయన ఆంధ్ర విశ్వవిద్యాలయంలో చదివింది గణిత భౌతికశాస్త్రం. చేసిన ఉద్యోగాలు వేరు. ముందు ‘ఆంధ్రప్రభ’లో సబ్ ఎడిటరు, ఆ తర్వాత దాదాపు ఇరవయ్యేళ్ళు ఆకాశవాణి. ఈలోగానే సినిమా పిలిచింది. 1964లో అక్కినేని, సావిత్రి నటించిన ‘డాక్టర్ చక్రవర్తి’కి స్క్రీన్‌ప్లే రాశారు. రాష్ట్రప్రభుత్వం నంది బహుమతులు మొదలుపెట్టిన ఏడాది బంగారు నంది ఆ చిత్రానికే దక్కింది! కె. విశ్వనాథ్ తొలిసారి దర్శకత్వం వహించిన ‘ఆత్మగౌరవం’ కథలోనూ యద్దనపూడి సులోచనారాణితోపాటు ఈయన చెయ్యి ఉంది.

అంటే ఇతరుల నోట మాటలు పెట్టడమే ఇరవయ్యేళ్ళ పని. మరి తన నోటికి తానే మాట అందుకుంటే ఎలా ఉంటుంది? సుబ్బారావులా ఉంటుంది! ఏ మాట దగ్గర ఆగాలో, ఏ మాట నములుతూ వదలాలో రాసినవాడికి తెలిసినట్టు ఇంకెవరికి తెలుస్తుంది? రేడియోలో మొహం కనపడదు కదా, బరువంతా గొంతు మీదే. ఆ సాధన వెండితెర మీద అక్కరకొచ్చిందని నా అభిప్రాయం.

అక్కణ్ణించి వెనక్కి తిరిగి చూడలేదు. 250కి పైగా చిత్రాలు! ‘స్వాతిముత్యం’లో ఉన్నారు. ‘సంసారం ఒక చదరంగం’ (1987)లో కుటుంబ పెద్ద అప్పల నరసయ్యగా, ఇంటి మధ్య గీత గీసిన ఆ తండ్రిని చూసి సుబ్బారావుని తిట్టిన జనమే కళ్ళు తుడుచుకున్నారు. అన్నట్టు, మేకప్ వేసుకున్నంత మాత్రాన కలం మూసెయ్యలేదు. గుడ్డి బిచ్చగాళ్ళ మీద ఆయన రాసిన ‘కళ్ళు’ నాటకాన్ని ఎం.వి. రఘు 1988లో సినిమాగా తీశారు. అందులో ఒక్క పెద్ద స్టారూ లేడు! అలాంటి సినిమా ఒప్పుకోవడానికి నిర్మాతకి ఎంత గుండె కావాలి?

ఇక చెప్పడానికి మనసొప్పని మాట. చిన్నకొడుకు శ్రీనివాస్ దర్శకుడయ్యాడు. తర్వాత తమిళనాట పెద్ద తార అయిన అజిత్ హీరోగా ‘ప్రేమపుస్తకం’ మొదలుపెట్టాడు. 1992 ఆగస్టు 12న, షూటింగు జరుగుతుండగానే సముద్రపు అల ఆ కుర్రవాణ్ణి లాక్కుపోయింది. అది అతని మొదటి సినిమా.

ఆగిపోయిన ఆ సినిమాని ఎవరు పూర్తి చేశారనుకున్నారు? తండ్రే! ఎన్నో సినిమాల్లో తండ్రిగా ఏడ్చి చూపించిన మనిషి, కొడుకు తీసిన రీళ్ళు ముందు పెట్టుకుని, కొడుకు తీయకుండా మిగిల్చిన సీన్లకి “స్టార్ట్” చెప్పారు. 1993లో చిత్రం విడుదలైంది.

ఆ తర్వాత కొడుకు పేరిట ఒక జాతీయ పురస్కారం పెట్టారు. ఏ భాషవాడైనా సరే, మొదటి సినిమా తీసిన దర్శకుడికే ఇవ్వాలి. ఇచ్చే రోజు ఆగస్టు 12. ‘తారే జమీన్ పర్’ తీసినందుకు ఆమిర్ ఖాన్‌కీ అది దక్కింది. 2019 డిసెంబరు 12న చెన్నైలో గొల్లపూడి కన్నుమూశారు. తన జీవితాన్ని తానే రాసుకున్న పుస్తకానికి ఆయన పెట్టిన పేరు ‘అమ్మ కడుపు చల్లగా’.